పాడని ఒక్క మాట

విల్హెల్మీనె ష్రోడర్-డెవ్రియెంట్ అనే జర్మన్ ఒపెరా గాయని పేరు సంగీత చరిత్రల్లో ఎప్పుడూ ఒపెరా స్వరకర్త వాగ్నర్ పేరు వెనకాలే వస్తుంది. ఆయన మూడు ఒపెరాల తొలి ప్రదర్శనల్లో పాడిందని ఒక వాక్యం రాసి ఊరుకుంటారు. మా దృష్టిలో ఈ లెక్క తిరగరాయాలి. పాట ద్వారా నాటకం నడిపించడం సాధ్యమేనని వాగ్నర్ కళ్లారా చూసింది ఆమెలోనే. ఇంచుమించు ఈ మాట ఆయనే ఒప్పుకున్నాడు కూడా.

ఆమె 1804లో హాంబర్గ్‌లో పుట్టింది. తల్లి సోఫీ ష్రోడర్ ఆ కాలపు జర్మన్ రంగస్థలం మీద విషాద పాత్రలకు పెట్టింది పేరు. తండ్రి ఒపెరా గాయకుడు. చిన్నతనంలో బాలే నేర్చింది. పదిహేనేళ్లు వచ్చేసరికి వియన్నాలో నాటకాల్లో వేషాలు కట్టింది. పాట ఆ తర్వాతే. 1821 జనవరిలో మోజార్ట్ 'మాయా వేణువు'లో పామినాగా ఒపెరా రంగస్థలం ఎక్కేనాటికి ఆమెకు పదహారేళ్లు. అంటే నిలబడటం, నడవటం, చూడటం తెలిసిన మనిషి పాటలోకి వచ్చింది.

మరుసటి ఏడు నవంబరులో బేథోవెన్ 'ఫిడేలియో'ను వియన్నాలో మళ్లీ ప్రదర్శించారు. అన్యాయంగా చెరసాల పాలైన భర్తను కాపాడుకోవడానికి మగవేషం వేసుకుని ఆ చెరసాలలోనే పనికి కుదిరిన లియోనోరా కథ అది. ఆ పాత్ర ఆమెకు దక్కింది. అప్పటికి బేథోవెన్‌కు చెవులు దాదాపు పనిచేయడం లేదు. అయినా వచ్చాడు. పై దుస్తు కప్పుకుని ఆర్కెస్ట్రాలో నిర్వాహకుడి వెనకాల కూర్చుని కళ్లు మాత్రం మెరిపిస్తూ చూశాడని ఆమె తర్వాత చెప్పుకుంది. దుర్మార్గుడైన అధికారి మీద తుపాకీ గురిపెట్టే ఘట్టానికి వచ్చేసరికి ఆమెకు భయంతో, అలసటతో ఒళ్లు స్వాధీనం తప్పింది. స్వరంలో లేని కేక ఒకటి గొంతులోంచి దూసుకొచ్చింది. ప్రేక్షకులు దాన్ని మహా నటన అనుకుని చప్పట్లు కొట్టారు. బేథోవెన్ ఆ కేక వినలేదు, పాటా వినలేదు. ముఖం చూశాడు. చూసి, తన లియోనోరా దొరికిందని సంతోషించాడు. గాయనికి చెవిటివాడు ఇచ్చిన యోగ్యతాపత్రం అని ఎవరైనా నవ్వుకోవచ్చుగానీ, అంతకన్నా నమ్మదగిన సాక్ష్యం మాకు తోచడం లేదు.

ఆ కేకను ఆమె మరచిపోలేదు. అదే ఘట్టంలో, కదిలితే ప్రాణం తీస్తానని బెదిరించే వాక్యంలో, చావును సూచించే చివరి మాటను స్వరంలో పాడకుండా ఉత్త మాటగా విసిరేసేది. అప్పటిదాకా సంగీతంలో తేలుతున్న సభ ఒక్కసారి నేల మీద పడేది. ఆ ఒక్క మాట దగ్గర తనకు ఒళ్లు జలదరించిందని వాగ్నర్ ముసలితనంలోనూ తలచుకున్నాడు.

అందరికీ ఇది నచ్చలేదు. 1843లో డ్రెస్డెన్‌లో ఆమెను విన్న ఫ్రెంచ్ స్వరకర్త బెర్లియోజ్ మండిపడ్డాడు. పాడవలసిన చోట మాట్లాడటం, అరవటం సంగీతానికి ద్రోహం అన్నది ఆయన వాదన. అది తీసిపారేయదగింది కాదు. ఆమె గొంతు శిక్షణలో లోపాలున్నాయనీ, పై స్థాయిలో పట్టు త్వరగా పోయిందనీ మెచ్చుకున్నవాళ్లు కూడా రాశారు. రాగాలు సాగదీసి వన్స్‌మోర్‌లు కొట్టించుకునే పద్ధతితో బళ్లారి రాఘవ పడిన పేచీ ఎరిగిన తెలుగు పాఠకుడికి ఈ తగాదా కొత్తేమీ కాదు. మేం ఆమె పక్షమే. కాకపోతే ఆ ఒక్క మాట అంత పదునుగా తగలాలంటే దాని ముందరి వాక్యమంతా పాడగలిగి ఉండాలి. ఆమెను చూసి ఊరికే అరవడం నేర్చుకున్నవాళ్లకు బెర్లియోజ్ కోపం సరైన మందే.

తన పదహారేళ్ల వయసులో లైప్‌జిగ్‌లో ఆమెను ఫిడేలియోలో చూసి జీవితం మారిపోయిందని వాగ్నర్ ఆత్మకథలో రాశాడు. ఆ ఏడు అక్కడ అలాంటి ప్రదర్శన జరిగిన దాఖలా పరిశోధకులకు దొరకలేదు. దొరికింది 1834 నాటిది. బెల్లీనీ ఒపెరాలో ఆమె రోమియో వేషం. ఆ సంగీతం వాగ్నర్‌కు చులకన. ఆ చులకనైన సంగీతంతోనే ఆమె తనను కుదిపేయడం ఆయన్ని నిద్రపోనివ్వలేదు. 1842లో 'రియెంజీ'లో అడ్రియానో, మరుసటి జనవరిలో 'ఫ్లయింగ్ డచ్‌మన్'లో సెంటా, 1845లో 'టాన్‌హాయిజర్'లో వీనస్, మూడు పాత్రలకూ డ్రెస్డెన్‌లో ఆమే ప్రాణం పోసింది. నలభై ఏళ్లు దాటాక వీనస్‌గా ఏం కట్టుకుని నిలబడమంటారని ఆయన్నే నిలదీసిందట. ఆయనకు అప్పిచ్చింది, మనసు విరిగాక ఆ అప్పు పత్రం వకీలు చేతిలో పెట్టింది. అయినా 1872లో నటుల గురించీ గాయకుల గురించీ రాసిన వ్యాసాన్ని ఆయన ఆమె స్మృతికే అంకితమిచ్చాడు. నిజానికి ఆమెకు గొంతే లేదు, ఊపిరిని వాడుకోవడం మాత్రం తెలుసు అన్నది అందులో ఆయన తీర్పు. స్వరకర్త షూమన్ 'డిష్టర్‌లీబె' పాటల సంపుటి అంకితం కూడా ఆమెకే.

ఇంటి సంగతులు క్లుప్తంగా చెప్పినా బరువే. మొదటి భర్త, నటుడు కార్ల్ డెవ్రియెంట్‌తో 1828లో విడాకులైతే పిల్లలు తండ్రి దగ్గరికి వెళ్లారు. రెండో భర్త ఆమె సంపాదన ఊడ్చేశాడు. 1849 మే నెలలో డ్రెస్డెన్ తిరుగుబాటులో జనం పక్షాన నిలిచినందుకు ఆ తర్వాత విచారణ ఎదుర్కొంది. 1860 జనవరిలో కోబుర్గ్‌లో చనిపోయింది. పోయాక ఇంకో అవమానం. ఒక గాయని జ్ఞాపకాల పేరుతో 1860లలో ఒక బూతు పుస్తకం వెలువడితే, అది ఆమె రాసిందేనని ప్రచారం చేశారు. పండితులు కొట్టిపారేశారు. అయినా ఆమె నటనను వర్ణించిన పుటలకన్నా ఆ పుస్తకమే ఎక్కువమంది చేతులు మారింది.

ఎడిసన్ ఫోనోగ్రాఫ్ 1877లో వచ్చింది. ఆమె గొంతు మనకు ఒక్క క్షణం కూడా మిగల్లేదు. ఏ వాక్యంలో ఏ మాట దగ్గర ఏం చేసిందో మాత్రం మిగిలింది, చూసినవాళ్లు, తిట్టినవాళ్లతో సహా, పట్టి రాసి పెట్టారు కనక. మన రంగస్థల కళాకారుల మీద మాకు వచ్చే వ్యాసాల్లో శాలువాలు, బిరుదులు, సన్మాన పత్రాల జాబితాలే ఎక్కువ. సురభి నాటకాలో, పద్య నాటకాలో రాత్రంతా కూర్చుని చూసిన పాఠకులు ఇంకా మన మధ్య ఉన్నారు. ఏ నటుడు ఏ పద్యం ఎక్కడ ఆపాడో, ఏ మాట దగ్గర గొంతు తగ్గించాడో మాకు రాసి పంపండి. నచ్చకపోతే ఎందుకు నచ్చలేదో కూడా రాయండి. రెండూ అచ్చువేస్తాం.