వీళ్ల తర్వాత ఎవరు?

క్యూబా కమ్యూనిస్టు పార్టీ ఆరవ మహాసభ 2011 ఏప్రిల్ 16 నుంచి 19 వరకు హవానాలో జరిగింది. అయిదేళ్లకోసారి జరపాలని పార్టీ నియమావళి చెబుతున్నా, 1997 తర్వాత మళ్లీ 2011లో, అంటే పద్నాలుగేళ్లకు జరిగిన సభ ఇది. ముగింపు రోజున ఫిడెల్ కాస్ట్రో వచ్చారు. ఒంటి మీద ట్రాక్‌సూట్, పక్కన చెయ్యి పట్టుకుని నడిపించే సహాయకుడు. 84 ఏళ్ల అన్న వచ్చి తమ్ముడి పక్కన కూర్చున్నాడు. ప్రతినిధులంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అమెరికా గుమ్మంలో యాభై ఏళ్లు తలవంచకుండా నిలబడిన మనిషికి ఆ చప్పట్లు దక్కవలసినవే. కానీ చప్పట్లు ఆగాక మిగిలిన ప్రశ్న ఒక్కటే. వీళ్ల తర్వాత ఎవరు?

ఆ ప్రశ్నకు మహాసభ రెండు జవాబులు చెప్పింది. రెండూ ఒకదానికొకటి పొసగవు.

మొదటి జవాబు రౌల్ కాస్ట్రో ప్రారంభ నివేదికలో ఉంది. ప్రధానమైన పార్టీ పదవుల్లో, ప్రభుత్వ పదవుల్లో ఎవరూ వరుసగా రెండు దఫాలకు మించి, అంటే పదేళ్లకు మించి ఉండరాదని ఆయన ప్రతిపాదించారు. అనుభవం, పరిణతి ఉన్న వారసులను సకాలంలో తయారు చేసుకోలేకపోయామని, దాని ఫలితం ఇప్పుడు అనుభవిస్తున్నామని ఒప్పుకున్నారు. యువకులకు, మహిళలకు, నల్లజాతి వారికి నాయకత్వంలో చోటు దక్కకపోవడం మీద కూడా గట్టిగానే మాట్లాడారు. అప్పటికి యాభై రెండేళ్లుగా పాలిస్తున్న తరం తన లోపాన్ని తానే బహిరంగంగా చెప్పుకోవడం చిన్న విషయం కాదు.

రెండో జవాబు ముగింపు రోజున వచ్చింది. పార్టీ మొదటి కార్యదర్శిగా 79 ఏళ్ల రౌల్ ఎన్నికయ్యారు. రెండో కార్యదర్శిగా 80 ఏళ్ల మచాడో వెంచురా వచ్చారు. రమీరో వాల్దెస్‌కు 79 నిండడానికి అప్పటికి ఇంకా కొద్ది రోజులుంది. పదిహేను మంది పోలిట్‌బ్యూరోలో ముగ్గురు కొత్తవారు చేరిన మాట నిజమే. కానీ పైమెట్టు మీద కూర్చున్నది మాత్రం సియెర్రా మేస్త్రా కొండల్లో తుపాకులు పట్టిన పాత సహచరులే. పదేళ్ల పరిమితిని ఆ రోజు నుంచి లెక్కవేస్తే, రౌల్ పార్టీ పదవి దిగేనాటికి ఆయనకు 89 ఏళ్లు వస్తాయి. ముసలివాళ్లు ఇక దిగిపోవాలని తీర్మానం చేసి, దాన్ని అమలు చేసే పని ముసలివాళ్లకే అప్పగించారన్నమాట.

వారసులు దొరకలేదన్న మాటను కాస్త నిలబడి పరీక్షించాలి. 1959 జనవరిలో హవానాలో అడుగుపెట్టినప్పుడు ఫిడెల్ వయసు 32. చే గువేరాకు 30. రౌల్‌కు 27. ఒక దేశాన్ని నడపడానికి వీళ్లకు ఏం అనుభవం ఉంది? ఆ ఏడాది చివరికే చే గువేరా జాతీయ బ్యాంకు అధిపతి అయ్యాడు. 1961లో దేశమంతటా అక్షరాస్యతా ఉద్యమం నడిపారు. బడులు మూసి, లక్ష మంది దాకా విద్యార్థులను, చాలామంది ఇంకా మీసాలు కూడా రానివాళ్లను, కొండల్లోకీ చెరకు తోటల్లోకీ పంపారు. ఒక్క ఏడాదిలో ఏడు లక్షల మందికి చదవడం, రాయడం నేర్పారు. పదిహేనేళ్ల పిల్లల చేతుల్లో దేశం చదువును పెట్టిన విప్లవం, యాభై ఏళ్ల మనుషుల చేతుల్లో పార్టీని పెట్టడానికి అప్పుడు వెనకాడింది. తేడా ఎక్కడ వచ్చింది?

నిజానికి వారసులు లేకపోలేదు. పైకి తెచ్చారు, తెచ్చినవాళ్లే దించేశారు. రొబెర్తో రొబైనా ముప్పైల్లోనే విదేశాంగ మంత్రి అయ్యాడు. 1999లో పదవి పోయింది, ఆ తర్వాత పార్టీ సభ్యత్వం కూడా పోయింది. ఆయన స్థానంలోకి 34 ఏళ్ల ఫెలిపె పెరెజ్ రోక్ వచ్చాడు. సోవియట్ యూనియన్ కూలి దేశం ఆకలితో అల్లాడిన తొంభైలలో ఆర్థిక సంస్కరణల బరువు మోసినవాడు కార్లోస్ లాగె. 2008లో రౌల్ అధ్యక్షుడైనప్పుడు మొదటి ఉపాధ్యక్ష పదవి లాగెకే అని అందరూ అనుకున్నారు. అది 77 ఏళ్ల మచాడో వెంచురాకు దక్కింది. ఏడాది తిరగ్గానే, 2009 మార్చిలో, లాగెనూ పెరెజ్ రోక్‌నూ ఒకేసారి ఇంటికి పంపారు. ఏ త్యాగమూ చేయని వాళ్లకు అధికారమనే తేనె రుచి తగిలిందని ఫిడెల్ తన వ్యాసంలో తేల్చేశారు. తప్పు చేశారా లేదా అన్నది పక్కన పెడదాం. వారి మీద విచారణ జనం ముందు జరగలేదు, వారి జవాబు జనానికి వినిపించలేదు. మర్రిచెట్టు కింద మొక్క ఎదగదన్న సామెత మనకు తెలిసిందే. ఇక్కడ ఎదిగిన మొక్కలను మర్రిచెట్టే పీకేసింది.

ఇది ఒక మనిషి స్వభావం మాత్రమే కాదు. పదవి కన్నా మనిషి పెద్దవాడైపోయిన వ్యవస్థ పోకడ ఇది. ఫిడెల్ 2006 జులైలో ఆపరేషన్ కోసం ఆస్పత్రిలో చేరినప్పుడే పార్టీ పదవి కూడా వదిలేశానని 2011 మార్చిలో రాశారు. దాదాపు అయిదేళ్ల పాటు ఆయనే మొదటి కార్యదర్శి అని లోకమంతా అనుకుంది. పార్టీ అధినేత ఎవరన్న సంగతి కూడా ఆయన చెబితేగానీ తెలియకపోతే, ఇక ఆ పార్టీలో ఎన్నికకు అర్థమేమిటి? పోటీ బహిరంగంగా ఉండదు గనక ప్రతి సమర్థుడూ కుట్రదారుడిలాగే కనిపిస్తాడు. దిగిపోయినవాడికి గౌరవంగా బతికే చోటు ఉండదు గనక ఎవరూ దిగరు.

దీని పర్యవసానం మాస్కోలో చూశాం. 1982 నవంబర్‌లో 75 ఏళ్ల బ్రెజ్నేవ్ పోయాడు. 1984 ఫిబ్రవరిలో 69 ఏళ్ల ఆంద్రోపోవ్. 1985 మార్చిలో 73 ఏళ్ల చెర్నెంకో. ఇరవై ఎనిమిది నెలల్లో ఎర్రకూడలిలో ముగ్గురు అధినేతల అంత్యక్రియలు జరిగాయి. చివరికి 54 ఏళ్ల గోర్బచేవ్ చేతికి తాళంచెవులు వచ్చేసరికి ఇల్లు పైకప్పు దాకా బీటలిచ్చి ఉంది. సంస్కరణలే సోవియట్‌ను కూల్చాయని మన కమ్యూనిస్టు మిత్రులు ఇప్పటికీ వాదిస్తుంటారు. ఇరవై ఏళ్లు ఆలస్యమైన సంస్కరణలు కూల్చాయనడం న్యాయం.

క్యూబా పరిస్థితి వేరని, అది నిత్యం ముట్టడిలో ఉన్న దేశమని ఒక సమాధానం ఉంది. అందులో నిజం ఉంది. 2011 ఏప్రిల్ నాటికి బే ఆఫ్ పిగ్స్ దాడికి సరిగ్గా యాభై ఏళ్లు. వాణిజ్య ఆంక్షలకు అప్పటికి 49 ఏళ్లు. అమెరికాలో ఉంటున్న మనకు క్యూబా కబుర్లు ఎక్కువగా మయామీ నుంచే వినబడతాయి. ఆ గొంతుల్లో పోగొట్టుకున్న ఆస్తుల కసి ఎంతో, విడిపోయిన కుటుంబాల దుఃఖమూ అంతే. ఆ ఆంక్షలు అన్యాయమని మనం అనాలి, అంటూనే ఉండాలి. 1992లో క్యూబా ఆకలితో ఉన్నప్పుడు భారత కమ్యూనిస్టులు ఊరూరా విరాళాలు పోగుచేసి గోధుమల ఓడ పంపారు. ఆ అభిమానం ఉన్నవాళ్లే ఈ ప్రశ్న గట్టిగా అడగాలి.

ముట్టడి అనే కారణం వియత్నాం ముందు నిలవదు. అమెరికా బాంబులను అంతగా భరించిన దేశం మరొకటి లేదు. అక్కడా ఒకే పార్టీ. అయినా 2011 జనవరిలో మహాసభ జరిపి 70 ఏళ్ల నాంగ్ డుక్ మాన్‌ను దించి న్గుయెన్ ఫు ట్రాంగ్‌ను ప్రధాన కార్యదర్శిని చేశారు. చైనాలో 1982 రాజ్యాంగం అధ్యక్షునికి రెండు దఫాల హద్దు గీసింది. ఆ హద్దు గీయించిన డెంగ్ కూడా హు యావోబాంగ్‌ను, జావో జియాంగ్‌ను తెరవెనక నుంచి దించినవాడే. అంటే కాగితం మీది నియమం ఒక్కటే చాలదు, నియమం పెద్దమనుషులకూ వర్తించాలి.

వయసొక్కటే జబ్బు కాదన్న సంగతీ మరవరాదు. ఉత్తర కొరియాలో 2010 సెప్టెంబర్‌లో కిమ్ జోంగ్ ఇల్ తన చిన్న కొడుకును రాత్రికి రాత్రి జనరల్‌ను చేశాడు. ముప్పై నిండని కుర్రవాడు, తాత నుంచి మూడో తరం. యువ నాయకత్వమంటే అదే అయితే మనకు అక్కర్లేదు. తండ్రి కుర్చీ కొడుక్కి, మామ కుర్చీ అల్లుడికి అనే పార్టీలను తెలుగునాట భుజాన మోస్తున్న మనకు హవానాను చూసి నవ్వే హక్కు కూడా పెద్దగా లేదు.

నేటి క్యూబన్లలో అత్యధికులు విప్లవం తర్వాత పుట్టినవారు. అయిదు లక్షల ప్రభుత్వోద్యోగాలు తగ్గిస్తామని 2010 సెప్టెంబర్‌లో ప్రకటించారు. రేషన్ పుస్తకం క్రమంగా పోతుందన్నారు. ఇళ్ల అమ్మకాలకు, చిన్న వ్యాపారాలకు తలుపులు తెరవసాగారు. ఈ మార్పుల్లో పోయే ఉద్యోగం వీళ్లది, పెట్టే చిన్న కొట్టు వీళ్లది, పెంచవలసిన పిల్లలు వీళ్లవాళ్లు. నిర్ణయం మాత్రం వీళ్లది కాదు. ఉచిత వైద్యం, చదువు వంటి విప్లవ ఫలాలు ఆ మార్పుల్లో కొట్టుకుపోకుండా కాపాడగలిగిందీ వీళ్లే. ఆ ఫలాల మధ్యే పెరిగారు గనక వాటి విలువ వీళ్లకు తెలుసు.

2012 జనవరిలో పార్టీ జాతీయ సమావేశం జరుపుతామన్నారు. రెండు దఫాల పరిమితి నిజంగా నియమం అవుతుందో లేదో, యాభైల్లో ఉన్నవారికి అధికారం దక్కుతుందో, బాధ్యతలే దక్కుతాయో అక్కడ తేలవలసి ఉండింది. అప్పుడు రౌల్‌కు మనం చెప్పగలిగింది ఒక్కటే. మీకు 27 ఏళ్లప్పుడు మీరు ఎవరి అనుమతీ అడగలేదు. మీరు నేర్పిన చదువుతో పెరిగిన పిల్లలు ఇప్పుడు తలనెరిసి మీ ముందు నిలబడ్డారు. మీరు కళ్లెదుట ఉండగా వాళ్లు తప్పు చేస్తే దిద్దవచ్చు. మీరు పోయాక తాళంచెవుల కోసం జరిగే పెనుగులాటను దిద్దేందుకు ఎవరూ ఉండరు.