చంపిందెవరు?

జపాను దర్శకుడు కురొసావా 1950లో తీసిన ‘రషోమన్’ చూసి వచ్చినవారు మొట్టమొదట అడిగే ప్రశ్న ఒకటే: “ఇంతకీ చంపిందెవరండీ?”

అడవిలో ఓ సమురాయి చచ్చిపడి ఉన్నాడు. విచారణలో బందిపోటు, నేనే చంపానంటాడు. స్పృహ తప్పి లేచేసరికి నా బాకు ఆయన గుండెల్లో దిగి ఉందంటుంది భార్య. సోదెగత్తెను పూని వచ్చిన ఆ చచ్చినవాడు సైతం, నన్ను నేనే పొడుచుకున్నానంటాడు!

మామూలుగా ఎవరైనా ‘నేను కాదు మహాప్రభో’ అంటారు గదా. ఇక్కడ ముగ్గురూ నేరం నెత్తిన వేసుకుంటున్నారు. శిక్షకన్నా పరువుపోతుందన్న భయమే వారికి ఎక్కువ. బందిపోటు చెప్పిన కత్తియుద్ధం మహా వీరోచితంగా ఉంటుంది. చాటునుంచి చూసిన కట్టెలు కొట్టేవాడు చెప్పినప్పుడు అదే యుద్ధంలో ఇద్దరికీ చేతులు వణుకుతూంటాయి. పోనీ, ఇతణ్ణి నమ్ముదామా అంటే, ఆ బాకు కాజేసింది ఇతడేనాయె!

అయినా వీళ్ళు అబద్ధమాడారనడానికి నాకు మనసొప్పదు. తలుచుకోగా తలుచుకోగా, ఎవరికి వారికి అలాగే జరిగినట్టు జ్ఞాపకం కుదిరిపోయింది కాబోలు. మన ఇళ్ళలో పాత పంపకాల తగాదా ఒకటి కదిపి చూడండి. అన్నదమ్ములిద్దరూ ఒట్టేసి మరీ చెబుతారు, రెండు కథలు.

కురొసావా చేసిన గడుసుపని మరొకటుంది. న్యాయాధికారిని ఒక్కసారైనా తెరమీద చూపడు. సాక్షులంతా మనవైపే తిరిగి చెబుతారు.