కొండదారి ఎవరి చేతిలో ఉండాలి?

పాకాల, దామలచెరువు, పీలేరు వైపు నుంచి కూడా ఇప్పుడు జనం హిమాలయాల ట్రెక్‌లకు పేర్లు ఇస్తున్నారు. యూత్ హాస్టల్స్ అసోసియేషన్ నడిపే సార్ పాస్ లాంటి నడకలు ఒకప్పుడు కాలేజీ కుర్రకారు సరదాగా ఉండేవి. డెహ్రాడూన్‌లో ఎక్కించుకుని మళ్లీ అక్కడే దించేదాకా అన్నీ మేమే చూసుకుంటామని ప్రైవేటు కంపెనీలు ముందుకొచ్చాక, బెంగళూరులో ఉద్యోగాలు చేసే మన పిల్లలూ, వాళ్ల వెంట యాభై దాటిన పెద్దవాళ్లూ బయల్దేరుతున్నారు. అనుభవం అక్కర్లేదు, ఎవరైనా నడవొచ్చు అన్నది ఆ ప్రకటనల పల్లవి. ఆ మాటను అబద్ధమని కొట్టిపారేయలేం. కాకపోతే అది కంపెనీ గొప్పతనం వల్ల నిజమయ్యే మాట కాదు. దారిపొడుగునా ఊళ్లు ఉండి, ఆ దారి ఆ ఊళ్ల బతుకుతెరువైనప్పుడే నిజమవుతుంది. ఇంతవరకూ ఒప్పుకుంటే, మన ఇంటి వెనకున్న శేషాచలం విషయంలో మనం ఇన్నాళ్లూ చేస్తున్నది తలకిందుల పని అని కూడా ఒప్పుకోవాల్సి వస్తుంది.

ఉత్తరాఖండ్‌లోని ఉత్తరకాశీ జిల్లాలో హర్ కీ దూన్ అనే లోయ ఉంది. అలవాటు లేనివాళ్లు మొదటిసారి నడవడానికి ఎక్కువగా ఎంచుకునే దారుల్లో అదొకటి. సాంక్రీ నుంచి తాలూకా, గంగాడ్, ఓస్లా ఊళ్ల మీదుగా సుపిన్ నది వెంబడి సాగి, మూడున్నర వేల మీటర్ల ఎత్తున పచ్చికమైదానానికి చేరుతుంది. దేవదారు దూలాలతో కట్టిన ఇళ్లలో కింద పశువులు, పైన మనుషులు ఉంటారు. పంట చేతికొచ్చే రోజుల్లో ఇళ్ల పైకప్పుల మీద ఎర్రటి తోటకూర కంకులు ఆరబోసి ఉంటాయి. ఓస్లాలో బయటివాళ్లు దుర్యోధనుడి గుడి అని చెప్పుకునే సోమేశ్వరుడి గుడి ఉంది. (అక్కడివాళ్లకు ఆ పేరు చెబితే అంత రుచించదు.) ఇదంతా చూడ్డానికి బాగుంటుంది, కానీ నడిచేవాణ్ణి కాపాడేది ఇది కాదు. సరుకులు మోసే కంచరగాడిదల వరస ఎదురైతే కొండవైపు ఒదిగి నిలబడాలి, లోయవైపు నిలబడితే మూట తగిలి కిందికి పోతావని మొదటి గంటలోనే హెచ్చరించే మనిషి కాపాడతాడు. ముందు ఒకడు నడిస్తే, అందరికన్నా నిదానంగా నడిచేవాళ్ల వెనకాల అతని బావో తమ్ముడో నడుస్తాడు. ఏ వాగు మధ్యాహ్నం దాటాక పొంగుతుందో వాళ్లకు తెలుసు. మూడు వేల మీటర్లు దాటాక పడుకునే చోటు ఎత్తు రోజుకు ఐదు వందల మీటర్లకు మించి పెరగకూడదని డాక్టర్లు చెబుతారు. ఊరి నుంచి ఊరికి నడిచే దారిలో, పుస్తకం చదవనివాళ్లు కూడా దాదాపు ఆ లెక్కనే పాటిస్తారు. బరువుతో మనిషి, పశువు ఒక పూటలో నడవగలిగినంత దూరంలోనే తర్వాతి ఊరు ఉంటుంది కాబట్టి.

స్థానిక గైడ్లు వెంట ఉన్నా మనుషులు పోతున్నారు కదా అని అడగొచ్చు. 2024 జూన్‌లో అదే ఉత్తరకాశీ వైపు సహస్రతాల్ ట్రెక్‌కు వెళ్లిన 22 మంది బృందం మంచుతుపానులో చిక్కుకుంది. తొమ్మిది మంది చనిపోయారు. వాళ్లలో ఎక్కువమంది కర్ణాటక నుంచి వచ్చినవాళ్లే, వయసు మళ్లినవాళ్లూ ఉన్నారు. గైడ్లు లేక కాదు. ఆ ఎత్తులో ఊరు లేదు, తలదాచుకునే కప్పు లేదు. గాలివాన మొదలైతే తలుపు తీసే ఇల్లు గంట నడకలో లేని చోట ఎంత మంచి గైడయినా ఒంటరి మనిషే. కాబట్టి సరదాగా నడిచేవాళ్లకు, సరైన శిక్షణ ఉన్నవాళ్లకు మధ్య గీత ఎత్తును బట్టి గీయడం చాలదు, చివరి ఊరు ఎంత దూరంలో ఉందన్నదాన్ని బట్టి కూడా గీయాలి. నేపాల్ 2023 ఏప్రిల్ నుంచి విదేశీ ట్రెక్కర్లకు గైడ్ తప్పనిసరి చేసింది. మంచిదే. అయినా లైసెన్సు ఉన్న మనిషిని వెంట పంపడం ఒక ఎత్తు, రాత్రికి ఏ ఇంట్లో పడుకోవాలో ముందే తెలియడం ఇంకో ఎత్తు.

డబ్బు సంగతికొద్దాం. టెంట్ల ట్రెక్‌లో కూరగాయలు డెహ్రాడూన్ నుంచి, టెంట్లు ఢిల్లీ నుంచి వస్తాయి. ఊరివాళ్లకు దక్కేది మోత కూలి, పశువుల అద్దె. దామలచెరువు మండీలో తోతాపురి రైతు చేతికి వచ్చేదెంతో, అదే కాయ గుజ్జు ఫ్యాక్టరీ గేటు దాటాక ఎంత పలుకుతుందో తెలిసినవాళ్లకు ఈ లెక్క విడమరచక్కర్లేదు. పైగా టెంట్లు కొండ పచ్చికను నాశనం చేస్తున్నాయని 2018 ఆగస్టులో ఉత్తరాఖండ్ హైకోర్టు బుగ్యాళ్లు అనే ఆ పచ్చికల మీద రాత్రి బసను నిషేధించింది. ఆ తీర్పు వచ్చినప్పుడు కంపెనీలు గగ్గోలు పెట్టాయి గానీ, ఊళ్లో ఇళ్లల్లో పడుకోబెట్టే పద్ధతి ఉన్నచోట దానివల్ల పెద్దగా ఆగిపోయిందేమీ లేదు. లదాఖ్‌లో ఈ పద్ధతి ఇంకో మెట్టెక్కింది. హేమిస్ జాతీయ ఉద్యానంలో మంచు చిరుతలు గొర్రెల దొడ్లలో పడి మందల్ని చంపుతుంటే ఊరివాళ్లు వాటిని మట్టుబెట్టేవాళ్లు. 2000ల మొదట్లో స్నో లెపర్డ్ కన్సర్వెన్సీ అనే సంస్థ రుంబక్ లాంటి ఊళ్లలో ఇంటి బసలు మొదలుపెట్టించింది. వచ్చినవాళ్లను ఇళ్లకు వంతులవారీగా పంపడం, వండిపెట్టే ఆడవాళ్ల చేతికే డబ్బు అందడం, అందులో కొంత ఊరి నిధికి పోవడం దాని పద్ధతి. చిరుత కనిపిస్తే అతిథి వస్తాడు, అతిథి వస్తే పొయ్యి వెలుగుతుంది. ఆ ఊళ్లలో ఇప్పుడు చిరుత బతికుంటేనే లాభం.

దీనికి పూర్తిగా ఎదురు దారి పట్టి ఏం జరిగిందో తెలియాలంటే నందాదేవి చూడాలి. 1974 మార్చిలో చమోలీ జిల్లా రైణీ ఊరి ఆడవాళ్లు గౌరాదేవి వెంట నిలబడి చెట్లు నరకడానికి వచ్చినవాళ్లను వెనక్కి పంపారు. చిప్కో ఉద్యమంలో అందరికీ గుర్తున్న రోజు అది. ఆ తర్వాత ఎనిమిదేళ్లకు, 1982లో, నందాదేవిని జాతీయ ఉద్యానంగా ప్రకటించి, మనుషులను లోపలికి రానివ్వడం ఆపేశారు. చెత్త పెరిగిన మాట నిజమే, ఆపాల్సిన అవసరమూ ఉంది. కానీ పర్వతారోహకుల బృందాలకు మోత మోసి, దారి చూపి బతికిన రైణీ, లాతా ఊళ్లవాళ్ల బతుకుతెరువు దాంతో పోయింది. అడవిని కాపాడినవాళ్లే అడవి బయట నిలబడ్డారు. 1998లో లాతా జనం ఝప్టో ఛీనో పేరుతో ఉద్యమించి నిషేధిత ప్రాంతంలోకి నడిచారు. 2001లో తమ అడవిని, పర్యాటకాన్ని తామే ఎలా నడుపుతారో ప్రకటన రాసుకున్నారు. ఆ తర్వాతే, 2003లో, ప్రభుత్వం కొంత మేర మాత్రం, లెక్క కట్టిన మందితో, గైడ్లతో తెరిచింది. ఇరవై ఏళ్ల మూత తర్వాత వచ్చిన తెలివి అది.

మన శేషాచలం కథ మూత దగ్గరే ఆగింది. 1989లో శ్రీ వెంకటేశ్వర జాతీయ ఉద్యానం, 2010లో దాదాపు 4,756 చదరపు కిలోమీటర్ల శేషాచలం బయోస్ఫియర్ రిజర్వ్ ఏర్పడ్డాయి. బంగారు బల్లి, దేవాంగ పిల్లి, పేరిత చెట్టు, ప్రపంచంలో మరెక్కడా అడవిగా ఇంత ఒత్తుగా పెరగని ఎర్రచందనం, ఇంత సంపద ఉన్న చోట కాపలా ఉండాల్సిందే. అయితే మూసేస్తే నడక ఆగిందా? ఆగలేదు. ఏటా ఫాల్గుణ పౌర్ణమికి పాపవినాశనం నుంచి తుంబురు తీర్థానికి వేలమంది నడుస్తారు. టీటీడీ దారిలో మంచినీళ్లు, అన్నం, డాక్టర్లను పెడుతుంది, గుండెజబ్బు, ఆస్తమా ఉన్నవాళ్లను రావద్దంటుంది. రాజంపేట వైపు నుంచి అన్నమయ్య మార్గంలో భక్తులు తిరుమలకు నడుస్తారు. ఇవి అనుమతి ఉన్న నడకలు. అనుమతి లేనివి ఇంకా ఎక్కువ. నాగలాపురం కొండల కోనల్లోకి చెన్నై వారాంతపు బృందాలు ఏళ్ల తరబడి వస్తూనే ఉన్నాయి. 2025 జనవరిలో రైల్వేకోడూరు వైపు అడవిలో దారి తప్పిన విద్యార్థుల్లో ఒకరు చనిపోయారు. ఆ మరుసటి నెలలోనే శివరాత్రికి తలకోనకు అడవిగుండా నడిచి వెళ్తున్న భక్తుల మీద గుండాలకోన దగ్గర ఏనుగులు పడి ప్రాణాలు తీశాయి. నిషేధం బోర్డు చూసి వీళ్లెవరూ ఆగలేదు. దారి తెలిసిన మనిషి వెంట లేడు, అంతే.

దారి తెలిసిన మనుషులు లేరా అంటే ఉన్నారు. తేనె కోసం, వేళ్ల కోసం, పశువుల కోసం ఈ అడవిలో తిరిగిన యానాదులు, కొండ అంచు పల్లెల కాపరులు ఉన్నారు. వాళ్ల కాళ్లకు తెలిసిన విద్యకు ఇవాళ కూలి ఇస్తున్నది ఒక్క ఎర్రచందనం ముఠాయే అన్నది మనం ఎదుర్కోవడానికి ఇష్టపడని నిజం. 2015 ఏప్రిల్ 7న శ్రీవారిమెట్టు వైపు అడవిలో 20 మంది పోలీసుల కాల్పుల్లో చనిపోయారు. వాళ్లు తమిళనాడు నుంచి, జవ్వాది లాంటి కొండ ప్రాంతాల నుంచి కూడా, కూలికి వచ్చినవాళ్లు. ఎవరి తప్పు ఎంతన్నది ఇక్కడ తేల్చే పని కాదు. కొండ ఎక్కడం తెలిసిన మనిషికి ఓస్లాలో ఒక ధర, శేషాచలంలో ఒక ధర ఎందుకు పలుకుతోందన్నదే ప్రశ్న. ట్రెక్ పేరు చెప్పి దుంగల దొంగలు లోపలికి వస్తారన్న భయాన్ని నేను తేలిగ్గా తీసుకోను. కానీ ముందే పేరు రాయించుకుని, ఆధార్ చూపించి, పల్లె మనిషి వెంట పట్టపగలు నడిచే పదిమంది వల్ల దొంగకు వచ్చే లాభం ఏమిటి? వాళ్ల కళ్లు అతనికి అడ్డమే. ఎర్రచందనం టాస్క్‌ఫోర్స్ ఎన్ని చెక్‌పోస్టులు పెట్టినా, ప్రతి కోనలో వారానికి రెండుసార్లు తిరిగే ఊరి మనిషికి సాటిరావు.

అడవి లోపల మనకు ఊళ్లు లేవు కదా, హిమాలయాలతో పోలికేమిటి అన్నది ఇంకా గట్టి అభ్యంతరం. నిజమే. అందుకే లోపల రాత్రి బస అనే మాటే ఎత్తకూడదు. పగలు అడవి అంచున, సాయంత్రానికి పల్లెకు చేరేలా దారి ఉండాలి. ఎర్రావారిపాళెం మండలం నేరబైలు ఇందుకు తగిన చోటు. 270 అడుగుల తలకోన జలపాతం దగ్గర పర్యాటకాన్ని నేరబైలు వన సంరక్షణ సమితి చేతికి అప్పగించి చూసిన అనుభవం అక్కడ ఇప్పటికే ఉంది. పవిత్రత మాటకొస్తే, తిరుమల గుడి చుట్టుపక్కలకు ఈ దారి పోనక్కర్లేదు. చిరుతల మాట తీసిపారేయలేం. 2023 ఆగస్టులో అలిపిరి మెట్లదారిలో ఆరేళ్ల పాపను చిరుత చంపింది, ఆ తర్వాత నడక వేళలు కుదించారు. వేళలు కుదించడం, గుంపుగా నడిపించడం, ముందూ వెనకా మనిషిని పెట్టడం, ఇవన్నీ గైడ్ చేసే పనులే. లక్షలమంది నడిచే మెట్లకు వాటిని కష్టపడి అమలు చేస్తున్నప్పుడు పదిమంది బృందానికి చేయలేమా?

నాకున్న అసలు భయం అడవి జంతువుల గురించి కాదు, కాంట్రాక్టరు గురించి. ఇలాంటి పని మొదలవగానే రిసార్టు లేస్తుంది, సమితి అధ్యక్షుడి కుర్చీలో పార్టీ మనిషి కూర్చుంటాడు, యానాది కుర్రాడికి మిగిలేది మళ్లీ మూట మోసే పనే. క్రిస్మస్ వారంలో కేదార్‌కంఠ దారి మీద క్యూ కట్టే జనాన్ని చూస్తే, హిమాలయాల్లోనూ ఊరి చేయి జారితే ఏమవుతుందో తెలుస్తుంది. పక్క రాష్ట్రం కొంత దారి చూపింది. 2018 మార్చిలో తేని జిల్లా కురంగణి అడవి మంటల్లో ఇరవై మందికి పైగా ట్రెక్కర్లు చనిపోయాక తమిళనాడు ముందు నిబంధనలు రాసింది. తర్వాత 2024 అక్టోబరులో అటవీ శాఖే ట్రెక్ తమిళనాడు పేరుతో 40 దారులు తెరిచి, స్థానిక గిరిజన యువకులకు శిక్షణ ఇచ్చి గైడ్లుగా పెట్టింది. నిప్పు కాలంలో మూసేస్తుంది. అవి ఎక్కువగా ఒక్క పూట నడకలే, రాత్రికి ఊళ్లో బస లేదు. అది లోటే, అయినా మనకన్నా చాలా ముందున్నారు.

మనకు మంటలూ ఉన్నాయి, ఈశాన్య రుతుపవనాల వానలూ ఉన్నాయి. 2021 నవంబరు వానలకు శ్రీవారిమెట్టు దారి దెబ్బతిని నెలల తరబడి మూతపడింది. అంటే మనకు దొరికేది డిసెంబరు చివరి నుంచి ఫిబ్రవరి చివరి దాకా, మహా అయితే పది వారాలు. ఆ పది వారాల్లో నేరబైలు చుట్టూ మూడు రోజుల దారి ఒక్కటి చాలు. రాత్రి ఇళ్లల్లోనే, వంతులవారీగా, రాగి సంగటి, ఊరుబిండి పెట్టే ఇంటావిడ ఖాతాకే నేరుగా డబ్బు పడేలా చూడాలి. గైడ్లలో సగం మందైనా యానాదులు ఉండాలి. ఏనుగుల కదలిక తెలిసిన రోజున నడక ఆపే అధికారం తిరుపతి ఆఫీసుకు కాదు, బీట్ ఆఫీసరుకూ ఆ రోజు గైడుకూ ఉండాలి. ఆపిన రోజు వచ్చినవాళ్ల డబ్బు వాపసు ఇవ్వాలి, గైడ్ కూలి మాత్రం పూర్తిగా ఇవ్వాలి. వెనక్కి తిప్పినందుకు కూలి పోతుందనుకుంటే ఏ గైడూ వెనక్కి తిప్పడు. ఈ ఒక్క షరతు కాగితం మీద లేకుండా మొదటి బృందాన్ని లోపలికి పంపకూడదు.