ఇంటి మాట: “వచ్చింది”లో ఎవరున్నారు?

మా రెండో అమ్మాయి తొమ్మిదో తరగతి చదువుతున్నది. బడిలో చదువు అరవంలో, ఇంట్లో మాట తెలుగులో. ఆరణిలో మనవాళ్ల ఇళ్లలో అందరికీ తెలిసిన సంగతే. మొన్న ఆదివారం కాఫీ తాగుతూ ఉంటే వచ్చి నిలబడింది.

“నాన్నా, అరవంలో తమ్ముడు వస్తే వందాన్, చెల్లి వస్తే వందాళ్, ఆవు వస్తే వందదు. ముగ్గురికీ మూడు మాటలు. మన తెలుగులో తమ్ముడైతే వచ్చాడు. చెల్లి వచ్చినా వచ్చింది, ఆవు వచ్చినా వచ్చింది! ఆడపిల్లను ఆవుతో కలిపి కట్టేసిన భాష నాకెందుకు? ఇకమీదట నేను అరవంలోనే మాట్లాడతాను.”

నేను మెట్రిక్కు దాకా చదివి ఆఫీసులో కాగితాలు రాసుకునే గుమాస్తాని. “పెద్దలు అలా పెట్టారమ్మా” అని తప్పించుకోబోయాను. లోపల బియ్యం చెరుగుతున్న మా అమ్మ చేట పక్కన పెట్టింది.

“ఏమే, పేరంటానికి పదిమంది ఆడవాళ్లు వస్తే ఏమంటావు?”

“వచ్చారు అంటాను.”

“పది ఆవులు వస్తే?”

“వచ్చాయి.”

“పదిమంది మగవాళ్లు వస్తే?”

“వచ్చారు.”

“మరి ఆడవాళ్లను ఎవరితో కలిపి కట్టినట్టు?”

పిల్ల ఆలోచనలో పడింది.

మా అమ్మ వ్యాకరణం చదవలేదు. అయినా ఆమె చెప్పింది శ్రీపెరుంబుదూరులో పుట్టిన పరవస్తు చిన్నయసూరిగారు బాలవ్యాకరణంలో చెప్పిన సంగతే. మగవారిని తెలిపే మాటలు మహత్తులు, ఆడవారిని తెలిపేవి మహతులు, తక్కినవి అమహత్తులు. మహతి ఒక్కతిగా ఉన్నప్పుడు అమహత్తు దారిన పోతుంది. నలుగురిలో ఉన్నప్పుడు మహత్తు దారిన పోతుంది. తెలుగు, అరవం, కన్నడం ఒకే కుదురు భాషలని ఎల్లిస్ దొర 1816లో, క్యాంబెల్ దొర తెలుగు వ్యాకరణానికి రాసిన పీఠికలో చూపించాడు. ఒక కుదురులో పుట్టిన అక్కచెల్లెళ్లు కూడా కాపురాలు వేరైతే ఎవరి పద్ధతి వారు పెట్టుకుంటారు గదా!

ఇంకా దూరం పోయి చూద్దాం. ఆఫ్రికాలో నైజీరియా దేశపు ఆగ్నేయ భాగంలో ఇబో అనే భాష ఉంది. మనం క్రియను వాక్యం చివర పెడతాం. వారు నడుమ పెడతారు. “ఆదా రిరి జి” అంటే ఆదా అనే ఆమె పెండలం తిన్నదని అర్థం. రిరి అంటే తిన్నది, జి అంటే పెండలం. “అక్వా” అనే మాటను స్వరం ఎత్తి, దించి పలికే తీరునుబట్టి ఏడుపు, బట్ట, గుడ్డు, మంచం అని నాలుగు అర్థాలు వస్తాయి. మా అమ్మాయి ప్రశ్నకు పనికివచ్చేది ఇంకొకటి ఉంది. ఆ భాషలో అతడు, ఆమె, అది, మూటికీ “ఓ” అనే ఒక్క మాటే. “ఓ బియారా” అంటే అతడు వచ్చాడు. ఆమె వచ్చింది అన్నా అదే. అక్కడ మగవాడు కూడా వస్తువుతోపాటే నిలబడ్డాడు. అందుకని వారు ఒకరినొకరు చులకన చేసుకున్నట్టా? కాదు.

ఇదంతా చెప్పి నేనే గెలిచాననుకున్నాను. పిల్ల మెల్లగా అన్నది: “అయితే నువ్వు అమ్మను ‘అది ఎక్కడికి పోయింది?’ అంటావే, అదీ వ్యాకరణమేనా?”

కాఫీ చల్లారిపోయింది.

చదువరులారా, “ఆమె వచ్చింది” అన్నా, “అది వచ్చింది” అన్నా క్రియ ఒకటే. దాన్ని మార్చే అధికారం మనకు లేదు. ముందు పెట్టే మాట మాత్రం మన చేతిలోనిది. ఆమె, ఆవిడ, వారు అని తెలుగు ఇన్ని మెట్లు కట్టి పెట్టింది. అన్నీ వదిలి కింది మెట్టుమీద కూర్చున్నది నేను. ఇరవై ఏళ్లుగా ఆ మాట విని ఊరుకున్నది మా ఇంటావిడ. పిల్లకు తెలుగు మీద విసుగు పుట్టించింది సూరిగారి సూత్రం కాదు, నా నోరు.

1960 ఏప్రిల్ 1న తిరుత్తణి మద్రాసు రాష్ట్రంలో చేరింది. ఆ గీత మారినా, ఈ జిల్లాలో మన ఇళ్లలో తెలుగు చెరిగిపోలేదు. ఇళ్లలో పలికారు గనుక నిలిచింది. అది ఇంకా నిలవాలంటే పిల్లల చెవికి గౌరవంగా వినిపించాలి.

నిన్న సాయంత్రం ఆఫీసునుంచి రాగానే, “మీ అమ్మగారు ఎక్కడమ్మా?” అని అడిగాను. పిల్ల నవ్వి, తెలుగులోనే జవాబు చెప్పింది:

“గుడికి వెళ్లారు నాన్నా.”