మస్టరు అందరికీ కనబడాలి, ఆధార్ ఎవరికీ కనబడకూడదు

గుంతకల్లు పట్టణ, మండల ప్రజలకు విజ్ఞప్తి



ఉపాధి హామీ పథకం 2006 ఫిబ్రవరి 2న మొదలైంది మన అనంతపురం జిల్లా బండ్లపల్లిలోనే. కరువు పనికి పోయినవాళ్ల పేర్లు, పనిదినాలు, కూలి డబ్బులు ఊరందరి ముందు చదివే సోషల్ ఆడిట్‌ను పోరాడి సాధించుకున్నాం. దొంగ మస్టర్లను (హాజరు పట్టీలను) పట్టించేది అదే. దాన్ని వదులుకోరాదు.

అయితే లెక్కలు చూపే పేరుతో మనుషుల గుట్టు కూడా బయటపెట్టారు. 2017 మేలో బెంగళూరులోని సెంటర్ ఫర్ ఇంటర్నెట్ అండ్ సొసైటీ తరఫున అంబర్ సిన్హా, శ్రీనివాస్ కొడాలి నాలుగు ప్రభుత్వ పోర్టళ్లను పరిశీలించారు. అందులో రెండు మన రాష్ట్రానివే: చంద్రన్న బీమా, ఉపాధి కూలి చెల్లింపులు. నాలుగింటిలో కలిపి సుమారు 13 కోట్ల ఆధార్ నంబర్లు ఎవరికైనా దొరికేలా ఉన్నాయని వారి అంచనా. మరుసటి ఏడాది రాష్ట్ర గృహనిర్మాణ సంస్థ వెబ్‌సైట్‌లో లక్షా 30 వేల మందికి పైగా లబ్ధిదారుల ఆధార్ నంబర్లు కులం, మతంతో సహా కనిపించాయి.

"కనబడితే ఏం పోతుంది?" అనకండి. 2018లో పెద్దపల్లి జిల్లా ధర్మారంలో ఒక సిమ్‌కార్డుల వ్యాపారి రిజిస్ట్రేషన్ దస్తావేజుల్లోని వేలిముద్రలతో నకిలీలు తయారుచేసి, వేల సిమ్‌లు యాక్టివేట్ చేశాడు. పాస్‌వర్డు పోతే మార్చుకుంటాం. గడ్డపార పట్టి అరిగిన వేలిని కొంగుకు తుడుచుకుని మిషన్ మీద పెట్టే అక్క, ఆ వేలిని ఎలా మార్చుకుంటుంది?

ఆధార్ నంబరును బహిరంగంగా ప్రదర్శించరాదని 2016 ఆధార్ చట్టం 29వ సెక్షన్ చెబుతోంది. గోప్యత ప్రాథమిక హక్కని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకగ్రీవంగా తీర్పిచ్చింది. అమలు చేయించుకోవలసింది మనమే.

మన డిమాండ్లు:

1. మస్టర్లలో, లబ్ధిదారుల జాబితాల్లో పేరు, పనిదినాలు, అందిన మొత్తం ఉంచాలి. ఆధార్, బ్యాంకు ఖాతా, ఫోన్ నంబర్లు తీసేయాలి.
2. సచివాలయాల్లో, సిమ్ అంగళ్లలో చివరి 4 అంకెలే కనిపించే మాస్క్‌డ్ ఆధార్‌ను తీసుకోవాలి.
3. పని తీరిన ఆధార్ జిరాక్సులను చించి పారేయాలి. చిత్తుకాగితాలకు అమ్మరాదు.
4. 2023 డేటా రక్షణ చట్టాన్ని సాకుగా చూపి, సమాచార హక్కు కింద అడిగిన మస్టర్లను నిరాకరించరాదు.

మీ వంతుగా ఆధార్‌లో వేలిముద్రలు పనిచేయకుండా ఆపే బయోమెట్రిక్ లాక్ వేసుకోండి, రేషన్, పింఛను రోజున తెరుచుకోండి. ఆధార్ సందేహాలకు 1947కు, ఖాతాలో డబ్బు పోతే వెంటనే 1930కి ఫోన్ చేయండి.

ఈ నాలుగు డిమాండ్లతో అర్జీ రాసి, వీధివీధినా సంతకాలు చేయించి మీ సచివాలయంలో ఇవ్వండి. ఇచ్చినట్టు రసీదు తప్పక తీసుకోండి.

ఇట్లు
గుంతకల్లు పౌరులు