‘సరేలే’ అంటే ఏమిటండీ, డాక్టరుగారూ?

గుండెదడ, ఆకలి మందగించడం, రాత్రి రెండింటి దాకా నిద్ర పట్టకపోవడం, పగలంతా తలనొప్పి – ఈ బాధలు చెప్పుకుంటూ ఓ.పి.కి వచ్చే ఇరవై, ఇరవై అయిదేళ్ల పిల్లల్ని ఈ మధ్య తరచూ చూస్తున్నాను. రక్తపోటు చూస్తే సరిగానే ఉంటుంది. ఇ.సి.జి. తీస్తే బాగానే ఉంటుంది. రక్తహీనత, థైరాయిడ్ పరీక్షలు చేయిస్తే వాటిలోనూ లోపం కనిపించదు. ఇంతలో బల్లమీద పెట్టిన వాళ్ల ఫోను ‘టింగ్’ మంటుంది. అప్పుడు నాడి పట్టుకుని చూడాలి. జబ్బు సగం అక్కడే తెలిసిపోతుంది!

ఇలాంటి బాధతోనే ఒక అమ్మాయి ఇలా అడుగుతోంది: ‘మాది ప్రొద్దుటూరు. నాకు 24 ఏళ్లు. కర్నూలులో ఉద్యోగం. ఒకతనితో ఎనిమిది నెలలుగా పరిచయం. రోజూ మెసేజీలు పెట్టుకుంటాం. అది స్నేహమో, అంతకంటే ఎక్కువో అతనూ చెప్పలేదు, నేనూ అడగలేదు. మొన్న “ఆదివారం కలుద్దామా?” అని పెడితే, చూసినట్టు నీలం గీతలు పడ్డాయి. మూడు గంటల తర్వాత “సరేలే, చూద్దాం” అని వచ్చింది. అప్పటినుంచి అన్నం సయించడం లేదు. అతనికి నేనంటే ఇష్టం ఉన్నట్టా, లేనట్టా? దీనికి మందేమైనా ఉందా?’

ఉందమ్మా. అయితే అది మందుల షాపులో దొరికేది కాదు. ముందు ఆ ‘సరేలే’ సంగతి చూద్దాం.

అక్షరానికి గొంతు లేదు

మన తెలుగులో ‘సరే’ పక్కన ‘లే’ చేరితే ఎన్ని అర్థాలో చూడండి. నవ్వుతూ అంటే ఒప్పుకున్నట్టు. నిట్టూరుస్తూ అంటే గత్యంతరం లేక ఒప్పుకున్నట్టు. ముఖం పక్కకు తిప్పి అంటే కోపం. గబగబా అంటే పనిలో ఉన్నట్టు. ఈ తేడా అంతా గొంతులో ఉంది, కళ్లలో ఉంది. ఫోను తెర మీదికి వచ్చేసరికి రెండూ పోయి, ఒట్టి మూడక్షరాలు మిగిలాయి.

పైగా చాలామంది తెలుగును ఇంగ్లీషు అక్షరాల్లో కొడుతున్నారు. అందులో హ్రస్వానికీ దీర్ఘానికీ తేడా ఉండదు. ‘పడింది’, ‘పాడింది’ ఒకేలా కనిపిస్తాయి. యాస సంగతి సరేసరి. మన కడప, కర్నూలు వైపు ‘పో అబ్బా’ అంటే చనువు. అదే మాట వేరే ప్రాంతం అమ్మాయికి తెర మీద కనిపిస్తే, తనను పొమ్మన్నాడనుకుని కన్నీళ్లు పెట్టుకున్నా ఆశ్చర్యం లేదు.

మన ఇళ్లకు వచ్చే శుభలేఖకు నాలుగు మూలలా పసుపు ఉంటుంది. కవరు విప్పకముందే మంచి కబురని ఇంటిల్లిపాదికీ తెలుస్తుంది. 2013 జూలైలో సర్వీసు ఆగిపోయేదాకా, టెలిగ్రాం వచ్చిందంటే చదవకముందే ఇంట్లో వాళ్లకు కాళ్లూ చేతులూ ఆడేవి కావు. కబురు ఎలాంటిదో పై రూపమే చెప్పేది. మెసేజీకి ఆ పసుపు లేదు. దానికి బదులు నవ్వే బొమ్మలు, గుండె బొమ్మలు వచ్చాయిగానీ, ఒకరు ప్రేమగా పంపే గుండె బొమ్మనే ఇంకొకరు బావమరిదికీ, ఆఫీసు గ్రూపుకూ కూడా పంపుతున్నారు. ఇల్లలకగానే పండగ కాదు.

ఈ విషయం మీద 2005లో అమెరికాలో క్రూగర్, ఎప్లే అనే మనస్తత్వ శాస్త్రజ్ఞులు తమ పరిశోధన ప్రచురించారు. కొన్ని మాటలు వెటకారంగా, కొన్ని మామూలుగా చెప్పమని విద్యార్థులను కోరారు – కొన్ని గొంతుతో, కొన్ని ఈ-మెయిల్లో. నూటికి 78 సార్లు అవతలివాళ్లకు తమ ఉద్దేశం తెలిసిపోతుందని పంపినవాళ్లు అనుకున్నారు. గొంతు విన్నవాళ్లు 73 సార్లు సరిగా పోల్చుకున్నారు. చదివినవాళ్లు పోల్చుకున్నది 56 సార్లే. బొమ్మా బొరుసా వేసి చెప్పినా 50 సార్లు సరిపోతుంది కదా! రాసేవాడి చెవిలో తన గొంతు తనకు వినిపిస్తూనే ఉంటుంది కనుక, అవతలివాళ్లకూ వినిపిస్తోందనుకుంటాడు. చిక్కంతా అక్కడే.

నీలం గీతలు ఏం చెబుతాయి?

వాట్సాప్‌లో ఒక గీత పడితే మీ మెసేజీ బయలుదేరిందని, రెండు పడితే అవతలి ఫోనుకు చేరిందని, అవి నీలంగా మారితే తెరిచారని అర్థం. తెరిచారని మాత్రమే. మనసు పెట్టి చదివారని కాదు. నీలం రాకుండా చేసుకునే వీలుంది కనుక, నీలం రానంత మాత్రాన చదవలేదనీ చెప్పలేం. పైన నోటిఫికేషన్‌లో చదివి ఊరుకున్నా నీలం రాదు. ‘ఆన్‌లైన్’ అని కనిపిస్తే ఆ మనిషి వాట్సాప్ తెరిచి ఉంచాడని అర్థం. ఇంకొకరితో సరసాలాడుతున్నాడని కాదు. వాళ్ల అమ్మ పంపిన సరుకుల జాబితా చూసుకుంటూ ఉండవచ్చు.

మన ఊళ్ల పరిస్థితి కూడా తలచుకోండి. రెండు గదుల ఇంట్లో అమ్మ పక్కనే కూర్చుని ‘ఎవరితోరా?’ అంటుంటే, వాడు ‘ఊ’ అని తప్ప ఏం కొట్టగలడు? నాన్న ఫోనునే వాడుకునే ఆడపిల్ల ముక్తసరిగా రాయకపోతే ఇంట్లో గొడవే. నైట్ డ్యూటీ చేసి పగలు నిద్రపోయేవాళ్లున్నారు. నల్లమల దారిలో సిగ్నలు లేని బస్సులో ఉన్నవాళ్లున్నారు. జవాబు ఆలస్యం కావడానికి వంద కారణాలుంటే, మనసు అన్నిటికంటే చెడ్డదాన్నే ఏరుకుంటుంది. తాడును చూసి పామనుకోవడం ఇదే. అనుమానం పెనుభూతమని పెద్దలు ఊరికే అనలేదు.

ఒంట్లో జరిగేదేమిటి?

2016లో లండన్ యూనివర్సిటీ కాలేజీ పరిశోధకులు 45 మందితో కంప్యూటరు మీద ఒక ఆట ఆడించారు. రాయి కింద పాముందో లేదో ఊహించాలి. పాముంటే చేతికి చురుక్కుమనేలా కరెంటు షాకు తగులుతుంది. షాకు తప్పదని తెలిసినప్పటికంటే, తగిలేదీ తగలనిదీ సగం సగంగా ఉన్నప్పుడే వాళ్లకు చెమటలు ఎక్కువగా పట్టాయి, కంటిపాపలు ఎక్కువగా విప్పారాయి. చెడు కబురును శరీరం తట్టుకుంటుంది. ఏదీ తేలని స్థితిని తట్టుకోవడమే దానికి కష్టం. అడ్రినలిన్ వంటి హార్మోనులు ఎక్కువై గుండె వేగంగా కొట్టుకుంటుంది, కడుపులో తిప్పుతుంది, నిద్ర దూరమవుతుంది. ఆ పైన మెలకువగా ఉండటానికి మరో రెండు కప్పుల టీ తాగితే దడ ఇంకాస్త పెరుగుతుంది.

అలాంటప్పుడు ఫోను పక్కన పడేయవచ్చు కదా అంటారు పెద్దవాళ్లు. అదంత తేలిక కాదు. తొలకరి పడగానే మన తుగ్గలి, జొన్నగిరి చేలల్లో వజ్రాల కోసం ఎక్కడెక్కడినుంచో జనం వచ్చి నడుములు వంచి వెతుకుతారు. రోజూ అందరికీ దొరికితే అది కూలిపని అవుతుంది. ఎవరికీ ఎప్పుడూ దొరక్కపోతే ఒక్కరూ రారు. ఎప్పుడో ఒకరికి దొరుకుతుంది కనుకనే వందలమంది వెతుకుతారు. అమెరికా శాస్త్రజ్ఞుడు బి.ఎఫ్.స్కిన్నర్ పావురాల మీద, ఎలుకల మీద చేసిన ప్రయోగాల్లో తేలింది కూడా ఇదే – ఎప్పుడు దొరుకుతుందో తెలియని గింజ కోసం ఆ జీవులు విసుగు లేకుండా మీట నొక్కుతూనే ఉంటాయి. నాలుగు రోజులు ముభావంగా ఉండి అయిదోరోజు తీయగా ఒక్క మాట పంపేవాడి మీద మనసు అంతగా ఎందుకు అతుక్కుపోతుందో ఇప్పుడు అర్థమైందా? అది ప్రేమ లోతుకు నిదర్శనం కాదు. ఎదురుచూపు అలవాటుగా మారడం.

ఒక్క దగ్గుకు క్షయ అనం

ఒక్కసారి దగ్గితే మేం క్షయ అనం. రెండు వారాలైనా తగ్గకపోతే కళ్లె పరీక్ష చేయిస్తాం. జ్వరం కూడా ఒక్కపూట చూసి తేల్చం, చార్టు వేస్తాం. మెసేజీలకూ ఇదే పద్ధతి పాటించండి. ఒక్కొక్క మాటను పట్టుకుని స్నేహితురాళ్లందరికీ చూపించి అర్థాలు తీయడం మానేసి, రెండు వారాలపాటు ఈ నాలుగూ గమనించండి.

మొదటిది: మాట కలిపేది ఎప్పుడూ మీరేనా, అతనూ కలుపుతాడా? రెండవది: అన్నమాటకూ జరిగినదానికీ పొత్తు ఉందా? ‘చూద్దాం’ అన్నవాడు శనివారానికల్లా వేళా, చోటూ చెబితే అది ‘సరే’. మూడు ఆదివారాలు ‘చూద్దాం’లోనే గడిచిపోతే, అదే జవాబు. మూడవది: మీకు జ్వరం వచ్చిందనో, ఇంట్లో కష్టమనో చెప్పిన రోజున ‘తిన్యావా, మందేసుకున్యావా’ అని అడిగాడా, మరునాడు మళ్లీ కనుక్కున్నాడా? నాలుగవది అన్నిటికంటే ముఖ్యం: అతనితో మాట్లాడిన రాత్రి మీరెన్ని గంటలు నిద్రపోతున్నారు? మనసుకు సరిపడిన స్నేహం మనిషికి ఊరట ఇవ్వాలి. రోజురోజుకూ నిద్రా, ఆకలీ తగ్గిస్తున్నదేదైనా, దాని పేరు ప్రేమైనా సరే, పథ్యం అవసరమైనదే.

అడిగి తెలుసుకోండి

చార్టు తర్వాత చికిత్స. అడిగితేగాని అమ్మైనా పెట్టదంటారు. తప్పించుకోవడానికి వీలున్న ప్రశ్నకు తప్పించుకునే జవాబే వస్తుంది. ‘కలుద్దామా?’ అంటే ‘చూద్దాం’. అదే, ‘ఆదివారం సాయంత్రం 5 గంటలకు కొండారెడ్డి బురుజు దగ్గర ఉంటాను. వీలవుతుందో లేదో శనివారం రాత్రిలోగా చెప్పు’ అంటే అవునో కాదో వస్తుంది. ఏదీ రాకపోతే అదీ ఒక జవాబే. ఇక ‘మన మధ్య ఉన్నదేమిటి? నీ మనసులో ఏముంది?’ అనే పెద్ద ప్రశ్నను మెసేజీలో అడగకండి. నలుగురూ తిరిగే చోట ఎదురుగా కూర్చుని అడగండి. అది కుదరకపోతే ఫోనులో గొంతు వింటూ అడగండి. ‘లేదు’ అన్నాడనుకోండి. ఆ బాధ పచ్చిపుండు వంటిది, మానుతుంది. ‘ఏమో’ అనేది రోజూ గోకే పుండు. అది మానదు.

అబ్బాయిలకూ ఒక మాట చెప్పాలి. అమ్మాయి మర్యాదకు ‘ఊ’ అన్నదాన్ని అంగీకారమనుకోకండి. మౌనం అర్ధాంగీకారమనే సామెత ఇక్కడ పనికిరాదు. రెండుసార్లు రాసినా జవాబు లేకపోతే మూడోది రాయకండి. వేరే నంబర్ల నుంచి పంపడం, స్నేహితులచేత అడిగించడం, ఆఫీసు ముందు కాపు కాయడం ప్రేమ కాదు, వేధింపు. అలాంటివి ఎదురైన అమ్మాయిలు సిగ్గుపడి దాచుకోకుండా ఇంట్లో చెప్పండి. మహిళల హెల్ప్‌లైన్ 181కి, అత్యవసరమైతే 112కు ఫోను చేయండి.

రాత్రి పడుకోవడానికి గంట ముందు ఫోనును వేరే గదిలో పెట్టండి. అలారానికి అయిదు వందలు పెట్టి గడియారం కొనుక్కోండి. మధ్యాహ్నం తర్వాత టీ తగ్గించండి. సాయంత్రం అరగంట నడవండి. రాత్రి పదకొండు దాటాక కోపంలో రాసింది పంపకండి. తెల్లవారాక చదివితే సగం మీకే నవ్వొస్తుంది. నిద్రమాత్రలు మీ అంతట మీరు కొని వాడకండి. వాటికి అలవాటుపడటం తేలిక, మానడం కష్టం. దడ తగ్గకుండా ఉంటే ‘ఇది ఫోను దడేలే’ అని కొట్టిపారేయకుండా ఒకసారి పరీక్ష చేయించుకోండి. రక్తహీనత ఉన్నా, థైరాయిడ్ ఎక్కువైనా గుండె దడదడలాడుతుంది.

ఇంత చిన్న విషయానికి ఇంత చెప్పాలా అనుకునే తల్లిదండ్రులకు ఒక్క మాట. మెసేజీ చిన్నదే. దానికోసం ప్రాణం తీసుకోవాలనుకునేదాకా వెళ్లిన పిల్లలను క్యాజువాల్టీలో చూసే ఉద్యోగం మాది. పిల్లలు తిండి మానేసినా, నలుగురిలోకి రాకపోయినా, ‘నేను లేకపోతే ఎవరికేం నష్టం’ వంటి మాటలన్నా, ఫోను లాక్కుని తిట్టకండి. పక్కన కూర్చుని ‘చచ్చిపోవాలనిపిస్తోందా నాయనా?’ అని సూటిగా అడగండి. అడిగినంత మాత్రాన ఆ ఆలోచన కొత్తగా పుట్టదు, గుండెబరువు దిగుతుంది. ఆ పిల్లను, ఆ పిల్లవాడిని ఒంటరిగా వదలకండి. 2022 అక్టోబరు 10న మొదలైన ప్రభుత్వ ‘టెలి మానస్’ నంబరు 14416కు రాత్రి పగలు ఎప్పుడైనా ఉచితంగా ఫోను చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు. కర్నూలు, కడప ప్రభుత్వ సర్వజన ఆసుపత్రుల్లో మానసిక వైద్య విభాగాలున్నాయి. అక్కడికి వెళ్లడం పిచ్చికి గుర్తు కాదు, వివేకానికి గుర్తు.

ఇక ప్రొద్దుటూరు అమ్మాయికి: ‘సరేలే’కు అర్థం నాకు తెలియదమ్మా, నీకూ తెలియదు. తెలిసినవాడు ఒక్కడే ఉన్నాడు. ఈరోజు కడుపునిండా భోంచేసి, కంటినిండా నిద్రపోయి, రేపు పొద్దున అతన్నే అడుగు.