కుటీరాలు

కుటీరం అనగానే మీకేం స్ఫురిస్తుంది? తాటాకు కప్పు, పేడతో అలికిన అరుగు, గుమ్మం పక్కన తులసికోట. నాకూ అంతే. అందుచేత మొన్న శనివారం రాత్రి మా అబ్బాయి, "రేపు న్యూపోర్టు వెళ్ళి సముద్రం ఒడ్డున కుటీరాలు చూసొద్దాం నాన్నా" అంటే, పది గంటలకల్లా చూడడం ముగించి మధ్యాహ్నం భోజనానికి ఇల్లు చేరవచ్చునని లెక్క వేసుకున్నాను.

పోయినసారి చెప్పాను గదా, మేమిద్దరమూ బోస్టను దగ్గర అబ్బాయి ఇంట్లో వచ్చి పడ్డామని. అక్కడినించి న్యూపోర్టుకు కారులో గంటన్నర ప్రయాణం. రోడ్ ఐలండ్ అని అమెరికాలో అన్నిటికంటె చిన్న రాష్ట్రం ఒకటుంది. అందులో ఒక దీవి, ఆ దీవి కొసన ఈ ఊరు. 1639 లో వెలిసింది. దారిపొడుగునా మా ఆవిడ పులిహోర పొట్లాలు లెక్కపెట్టుకుంటూ కూర్చుంది. ఈ మధ్య ఆవిడ మోకాళ్ళు బాగా పేచీ పెడుతున్నాయి. "నేను కార్లోనే కూర్చుంటాను, మీరు చూసి రండి" అని ముందే ప్రకటించింది.

మొదటి కుటీరం పేరు బ్రేకర్సు. కెరటాలు విరిగి పడేచోటు అన్నమాట. గేటు దగ్గర నిలబడి చూస్తే నాకు నోట మాట రాలేదు. 70 గదుల రాతి కోట! ఇటలీలో పూర్వపు ప్రభువుల మేడలను చూసి కట్టించారట. దీన్ని కుటీరమంటే పర్ణశాలలో ఉన్న శ్రీరామచంద్రుడు ఏమనుకోవాలి? వాళ్ళు మాత్రం అలాగే అనేవారు. వేసవిలో ఆరేడు వారాలు ఉండిపోయే ఇల్లు గనక, "మా కుటీరానికి వెళుతున్నాం" అనడం వాళ్ళకొక వినయం. బాగా డబ్బున్నవాళ్ళ వినయం ఇలాగే ఉంటుంది కాబోలు!

కట్టించినాయన రెండవ కార్నీలియస్ వాండర్‌బిల్టు. వీళ్ళ తాతగారి పేరూ అదే. ఆ పెద్దాయన కుర్రతనంలో తల్లి దగ్గర నూరు డాలర్లు అప్పు తీసుకుని, న్యూయార్కు రేవులో పడవ నడిపి, తరవాత స్టీమర్లు, ఆ తరవాత రైళ్ళు కొని 1877 లో పోయేనాటికి పది కోట్ల డాలర్లు విడిచివెళ్ళాడు. కొడుకు దాన్ని ఎనిమిదేళ్ళలో రెట్టింపు చేశాడు. మనవలు ఇళ్ళు కట్టారు. మన వైపు కూడా మూడో తరం చేసే పని ఇంచుమించు ఇదే గదండీ! ఆ రోజుల్లో ఆ దేశంలో ఆదాయపు పన్ను లేదు. అది నిలకడగా వచ్చింది 1913 లో. మార్క్ ట్వేనూ, ఆయన స్నేహితుడు వార్నరూ కలిసి 1873 లో రాసిన నవల పేరే ఆ కాలానికి స్థిరపడిపోయింది. బంగారు పూత యుగమని మనం చెప్పుకోవచ్చు.

ఇక్కడ అంతకుముందున్న కొయ్య ఇల్లు 1892 లో తగలబడిపోయింది. అందుకని కొత్తదానికి నిప్పుభయం లేకుండా చూడమని ఆయన పట్టుపట్టాడు. నీళ్ళు కాగే బాయిలర్లు ఇంటికి దూరంగా నేలకింద పెట్టించాడు. రెండేళ్ళు దాటీ దాటకుండా 1895 కి మేడ లేచింది. ఆ మరుసటి ఏడే ఆయనకు పక్షవాతం వచ్చింది. 1899 లో పోయాడు. సుఖపడింది ఒక్క వేసవి అని చెప్పాలి.

చెవికి తగిలించుకునే యంత్రం ఒకటుంటుంది. ఏ గదిలో నిలబడితే ఆ గది కథ చెవిలో చెబుతుంది. ఒక గదిలో గోడ పలకలమీద మెరుస్తున్నది వెండి అనుకున్నాను. ప్లాటినం రేకుట! స్నానాల తొట్టికి మంచినీళ్ళు వేడివీ చల్లనివీ, సముద్రపు నీళ్ళు వేడివీ చల్లనివీ, వెరసి నాలుగు కొళాయిలు. కిటికీలోంచి చూస్తే అట్లాంటిక్ మహాసముద్రం అక్కడే ఉంది, రెండడుగులు వేస్తే అందులోనే మునగవచ్చు!

ఇంతకీ మా ఆవిడ కార్లో కూర్చోలేదు. ఎండగా ఉందని లోపలికి వచ్చి, మెల్లిగా మా వెనకే నడుస్తున్నది. వెండి సామాను దాచే గదీ, వడ్డనకు ముందు పళ్ళాలు సర్దే గదీ ఉన్నచోట ఆగిపోయింది. అక్కడ గోడకి ఒక పెట్టె బిగించి ఉంది. పై గదుల్లో దొరసాని మీట నొక్కితే, ఏ గదిలోంచి పిలుపు వచ్చిందో కింద నౌకర్లకు ఆ పెట్టె చూపిస్తుంది. జనం దాన్ని ఒక చూపు చూసి ముందుకు పోతున్నారు. మా ఆవిడ కదలదు. నేను రెండుసార్లు పిలిచాను. "వస్తున్నానుండండి" అంది గాని రాలేదు. ఎందుకు నిలబడిపోయిందో నాకు తెలుసు. తెలిసీ తెలియనట్టు బల్లమీది గాజు గిన్నెలు చూడడం మొదలుపెట్టాను.

రెండోది చలవరాతి మేడ, మార్బుల్ హౌస్. పై ఆయన తమ్ముడు విలియం, భార్య ఆల్వా ముప్ఫయ్ తొమ్మిదో పుట్టినరోజు కానుకగా 1892 లో ఇచ్చాడు. ఖర్చు కోటీ పది లక్షల డాలర్లు. అందులో 70 లక్షలు ఒక్క చలవరాతికే. మూడేళ్ళు తిరక్కుండా ఇద్దరూ విడాకులు తీసుకున్నారు. ఆవిడ అదే వీధిలో ఇంకొక ఇంటాయనను పెళ్ళాడి అక్కడికి కాపురం మార్చింది.

వీళ్ళ అమ్మాయి కన్సూయెలో. ఆ పిల్లకు మనసైనవాడు వేరొకడున్నా, తల్లి ఒత్తిడిచేసి 18 ఏళ్ళకే మార్ల్‌బరో డ్యూకుకు కట్టబెట్టింది. 1895 లో ఆ డ్యూకు పెళ్ళిమాట ఎత్తింది ఈ మేడలోని ఒక చీకటి గదిలోనే. పెళ్ళికొడుకుకు ముట్టింది 25 లక్షల డాలర్ల రైల్వే వాటాలు.

"కట్నమంటే మనకే అనుకున్నాను" అంది మా ఆవిడ.

ఆ పెళ్ళీ నిలవలేదు. 1926 లో దాన్ని చర్చి రద్దుచేసినప్పుడు, బలవంతం చేసినమాట నిజమేనని తల్లే సాక్ష్యం చెప్పింది. చిత్రమేమిటంటే, ఆ తల్లే ఆడవాళ్ళకు ఓటు కావాలని ఉద్యమంలో దిగి, ఇదే మేడలో సభలు పెట్టింది. సముద్రం అంచున ఒక చీనా మంటపం కట్టించి 1914 లో అక్కడా సభ జరిపించింది. "స్త్రీలకు ఓటు" అని రాసిన పింగాణీ కప్పులు ఇప్పటికీ జ్ఞాపకంగా అమ్ముతున్నారు. మనిషిని ఒక్క పనిబట్టి తూచకూడదని మా ఆవిడతో అనబోయి ఊరుకున్నాను. ఆవిడ మనసు ఇక్కడ లేదు.

పులిహోర తిన్నది కొండ అంచు బాటమీద. మూడున్నర మైళ్ళ బాట ఇది. ఒక పక్క ఈ మేడల పెరళ్ళు, ఒక పక్క కిందికి సముద్రం. ధనవంతులు దీన్ని మూయించాలని చాలా చూశారు గాని సాగలేదు. ఒడ్డున నడిచే హక్కు, చేపలు పట్టే హక్కు అక్కడి ప్రజలకు మొదటినించీ రాసి ఉన్నాయి. 2022 మార్చిలో మాత్రం ఒక ముక్క సముద్రమే లాగేసుకుంది. అక్కడ నలభై మెట్లు అని ఒకచోటుంది. ఈ మేడల్లో పనిచేసే ఆడామగా సెలవు దొరికిన సాయంత్రాలు అక్కడ చేరి పాడుకునేవారట.

అది వింటూనే మా ఆవిడ అబ్బాయివైపు తిరిగి, "ఒరే, ఆ పనివాళ్ళుండే గదులు చూపించరా?" అంది.

చూపిస్తారు. ఎల్మ్స్ అనే మేడలో ప్రత్యేకంగా దానికే ఒక టిక్కెట్టు ఉంది. కాని 82 మెట్లెక్కాలని అక్కడ స్పష్టంగా రాసిపెట్టారు. అబ్బాయి వద్దన్నాడు. నేనూ వద్దన్నాను. "మీరు కార్లో కూర్చోండి" అని నాతో అని టిక్కెట్ల వరసలో నిలబడింది.

ఎల్మ్స్ బొగ్గు గనుల ఆసామి బెర్విండుది. 1901 లో కట్టింది. మమ్మల్ని తీసుకువెళ్ళినావిడ తెల్లజుట్టు పెద్దమనిషి. అచ్చం మన బడిపంతులమ్మలాగ అందరూ వచ్చారో లేదో లెక్కపెట్టుకుని బయలుదేరదీసింది. మొదట నేలమాళిగ. వీధిలోంచి ఇంటికిందికి ఒక సొరంగం, అందులో చిన్న పట్టాలు, వాటిమీద బొగ్గు బండి. యజమానికి అన్నం పెట్టేది బొగ్గే అయినా, ఆ బొగ్గు అతిథుల కంట పడకూడదు. బొగ్గు మోసేవాడూ పడకూడదు. పనివాళ్ళు వచ్చిపోయే గుమ్మం తీగల చాటున ఉంటుంది. వాళ్ళు పడుకునే మూడో అంతస్తు, బయటినించి చూస్తే ఉన్నట్టే తెలియదు. కప్పుచుట్టూ రాతి పిట్టగోడ అడ్డం పెట్టారు. ఇంత ఇంట్లో ఇంత పని ఎవరు చేస్తున్నారో తెలియకుండా జరిగిపోవడమే దర్జా.

1902 లో పనివాళ్ళంతా కలిసి, విశ్రాంతికి వేళలుండాలని సమ్మె కట్టారట. బెర్విండు అందరినీ ఒక్కసారే పంపించేశాడట. అది చెప్పి ఆ పెద్దమనిషి ఒక్క నిమిషం ఆగింది, మెట్లెక్కుతున్నవాళ్ళకు ఊపిరి తిప్పుకోవడానికి.

మా ఆవిడ కమ్మీ పట్టుకుని ఎక్కుతున్నది. నలభై మెట్ల దగ్గర నిలబడింది. అబ్బాయి చెయ్యి పట్టుకోబోతే తీసేసింది.

"మా నాన్న రోజుకి ఎన్నిసార్లు ఎక్కేవాడో" అంది.

"ఎక్కడమ్మా?" అన్నాడు అబ్బాయి.

జవాబు చెప్పలేదు. పైకి వెళ్ళాము. సన్నని నడవ, వరసగా చిన్న చిన్న గదులు. ఒక ఇనపమంచం, ఒక బల్ల, మొహం కడుక్కునే పళ్ళెం. గదులు శుభ్రంగానే ఉన్నాయి, గాలీ వెలుతురూ ఉన్నాయి. అన్యాయంగా మాట్లాడకూడదు. అక్కణ్ణించి కప్పుమీదికి తీసుకువెళ్ళారు. దూరాన రేవు, తెరచాపలు కనిపిస్తున్నాయి. మా ఆవిడ పిట్టగోడకు ఆనుకుని నిలబడి, ఎవరితోనూ చెబుతున్నట్టు కాకుండా చెప్పింది.

వాల్తేరు మెట్టమీద, సముద్రానికి ఎదురుగా, ఒక ఇంగ్లీషు కంపెనీ మేనేజరు బంగళా ఉండేది. మా మామగారు అందులో బట్లరు. తెల్లకోటు, ఇత్తడి బొత్తాలు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన తరవాత కూడా పదేళ్ళపైన ఆ దొర అక్కడే ఉన్నాడు. ఏడేళ్ళ పిల్ల మధ్యాహ్నం తండ్రికి కేరేజీ పట్టుకెళ్ళేది. వెనకవైపు చుట్టుమెట్లున్నాయి, ఇనపవి. వాటి దగ్గరే నిలబడాలి, ముందువైపుకు రాకూడదు. ఆయన కింద మెట్టుమీద కూర్చుని అన్నం కలుపుకునేవాడు. లోపల గంట మోగేది. ముద్ద చేతిలో ఉండగానే లేచేవాడు. చెయ్యి కడుక్కుని కోటు తొడుక్కుని పైకి పోయేవాడు. కాకులు తోలుతూ ఈ పిల్ల అన్నం దగ్గర కాపలా కూర్చునేది.

"తాతయ్య కంపెనీ ఉద్యోగి అన్నారు గదా?" అన్నాడు అబ్బాయి, నావైపు చూసి.

"బంగళా కంపెనీదే" అంది వాళ్ళమ్మ.

ఇక్కడ నా సంగతి రాయకపోతే ఈ శీర్షిక రాయడం దండగ. పెళ్ళిచూపుల్లో వాళ్ళు మాతో చెప్పిన మాట అదే, కంపెనీలో ఉద్యోగమని. పెళ్ళయిన రెండు నెలలకు అసలు విషయం మా నాన్నగారికి తెలిసింది. ఆయన కేకలు వెయ్యలేదు. "ఇంక ఈ మాట మన గుమ్మం దాటకూడదు" అన్నారు, అంతే. నేను దాటించలేదు. మా నాన్నగారు పోయి ముప్ఫయ్ ఏళ్ళయినా దాటించలేదు. మా మామగారు మా ఇంటికి వచ్చినప్పుడు కుర్చీ అంచుమీద కూర్చునేవారు. నేను గదిలోకి అడుగు పెడితే లేచేవారు. అల్లుడిమీద గౌరవమని నేను సర్దిచెప్పుకున్నాను. ఆ లేవడం ఎక్కడ అలవాటైందో నాకు తెలియనిది కాదు.

దిగేటప్పుడు ఆ తెల్లజుట్టు పెద్దమనిషి ఈ ఇంటి చివరి కథ చెప్పింది. బెర్విండు చెల్లెలు 1961 దాకా ఈ మేడలోనే ఉంది, 40 మంది పనివాళ్ళతో, పాత పద్ధతిలోనే. ఆవిడ పోగానే సామానంతా వేలం వేశారు. మేడను పడగొట్టబోతుండగా 1962 లో ఊరివాళ్ళ సంరక్షణ సంఘం లక్షా పదహారు వేల డాలర్లకు కొనేసింది. నూటపదహార్లలాగ ఆ లెక్క నాకు భలే నచ్చింది. 1945 లో పుట్టిన సంఘమది. బ్రేకర్సును మొదట ఏడాదికి ఒక్క డాలరు అద్దెకు పుచ్చుకుని జనానికి చూపించడం మొదలుపెట్టి, 1972 లో కొనుక్కుంది. ఆ వంశంవాళ్ళు మాత్రం 2018 దాకా పై అంతస్తులో ఉంటూనే వచ్చారు. కింద టిక్కెట్లు కొన్న జనం, పైన ఇంటివాళ్ళు.

తిరుగుదారిలో ఎవరమూ పెద్దగా మాట్లాడలేదు. మా ఆవిడ వెనకసీట్లో మోకాళ్ళు రాసుకుంటూ కూర్చుంది. సగం దూరం వచ్చాక అబ్బాయి అద్దంలోకి చూస్తూ, "అమ్మా, నువ్వు మా పుట్టినరోజులకు చేస్తావే, కింద పంచదార పాకం మాడ్చి, బోర్లించి పెట్టే కస్టర్డు, అది తాతయ్య నేర్పిందా?" అన్నాడు.

యాభై ఏళ్ళుగా తింటున్నాను. మా వీధిలో ఎవరింట్లోనూ లేని ఆ వంటకం మా ఇంట్లోకి ఎలా వచ్చిందని నేను ఒక్కనాడూ అడగలేదు.

"ఆఁ" అంది.

"ఇవాళ చేసుకుందామా? గుడ్లు ఎన్ని కావాలి?"

"ఆరు" అంది. "పాలు చిక్కనివి తీసుకో. మీ నాన్నకి నీళ్ళపాలతో చేస్తే నచ్చదు."